ఫాన్ హోల్డర్ గారి ఇంటిపేరు

బహ్రెయిన్‌లో ఆగస్టు నెలలో సీలింగ్ ఫ్యాను ఆగిపోతే మనిషికి రెండే దారులు. ఒకటి, కరెంటు మేస్త్రీ కోసం ఎదురుచూడటం. రెండు, రాడని తెలిసీ ఎదురుచూడటం. ఏసీ లేదా అంటారేమో, ఉంది. దాని చల్లదనం ఎదురుగా ఉన్న కుర్చీ దాకా వస్తుంది. ఆ కుర్చీలో మా ఆవిడ సత్యదుర్గ, ఆవిడ ఒళ్ళో నెల నిండని మా అబ్బాయి ఉంటారు. నా వైపుకి ఏమైనా పంచేది ఆ ఫ్యానే.

వాచ్‌మన్ లచ్చన్నకు చెప్పాను. జగిత్యాల వైపు మనిషి, దేనికీ లేదనడు.

"రంది పెట్టుకోకుండ్రి సార్. కింద జర్మనాయన లేడా, ఫాన్ హోల్డర్ సారు? పేర్లనే ఫానున్నది. గాయనకు రాకుంటె ఇంకెవలికొస్తది?"

ఆయన పూర్తి పేరు ఓట్టో ఫాన్ హోల్డర్‌బెర్గ్. 'ఫాన్' అనేది జర్మనీలో జమీందారీ వంశాల వాళ్ళు ఇంటిపేరుకి ముందు పెట్టుకునే మాటని నాకు తర్వాత తెలిసింది. లచ్చన్నకు ఇప్పటికీ తెలియదు. ఓడలు బాగుచేసే యార్డులో ఇంజనీరైన ఆ పెద్దమనిషి, పిలవగానే వచ్చి, స్టూలెక్కి, ఫ్యాను విప్పి బిగించి తిప్పాడు. అడిగితే కాదనడం వాళ్ళ వంశంలో లేదట.

కాఫీ తాగుతూ గోడమీద మా నాన్న ఫోటో చూశాడు.

"మీ వంశం ఎంత పాతది?" అన్నాడు ఇంగ్లీషులో.

మా తాత పేరు దాకా చెప్పాను. తాత తండ్రి పేరు అడిగితే, పంచదార సరిపోయిందా అని అడిగాను.

అప్పుడు ఆయన తనది చెప్పాడు. ఏడొందల ఏళ్ళ కిందట ఒక రాజుగారి గుర్రం బురదలో దిగబడితే వీళ్ళ మూలపురుషుడు బయటికి లాగాడు. రాజు సంతోషించి కొండ ఇచ్చాడు. కొండమీద కోట కట్టారు. ఒక ముత్తాత ఏ యుద్ధంలోనైనా ఓడే పక్షమే చూసుకుని చేరాడు. ఇంకొకాయన సగం కోట పేకాటలో పోగొట్టి, మిగతా సగంలో కాపురముంటూ, గెలిచినవాడిని రోజూ భోజనానికి పిలిచాడు. చివరికి పెద్ద యుద్ధం వచ్చింది. అన్నయ్య తిరిగి రాలేదు. ఈయన చిన్నవాడు, తల్లి చెయ్యి పట్టుకుని కొండ దిగాడు.

"బెర్లిన్ గోడ పడ్డాక వెళ్ళి చూశాను. కోటని గోడౌన్ చేశారు. గది గదికీ బంగాళాదుంపలు. నా ఉయ్యాల ఉన్నచోట కూడా." కాఫీ ఒక గుక్క తాగాడు. "మంచి దుంపలే."

పెళ్ళి చేసుకోలేదు. ఈ నెలాఖరుకు రిటైరై వెళ్ళిపోతున్నాడు. "నాతో ఆ పేరు ఖలాస్."

మా ఆవిడకు కళ్ళు తిరిగాయి, అంటే నీళ్ళు తిరిగాయి. మనకెవరైనా ఉపకారం చేస్తే 'మీ పేరు చెప్పుకుంటాం' అంటాం కదా. ముప్పై రోజుల్లో ఇంగ్లీషు పుస్తకం సగం చదివిన మనిషి, ఆ మాటనే అబ్బాయిని భుజాన వేసుకుని ఇంగ్లీషులో అనేసింది.

"వియ్ విల్ కీప్ యువర్ నేమ్, సార్."

ఆయన కప్పు కింద పెట్టాడు. అబ్బాయి వైపు చూశాడు. "నిజంగానా?"

"యస్ సార్. ఆల్వేస్."

మర్నాడు వాళ్ళ వంశ చిహ్నమట, కాకి బొమ్మ చెక్కిన బంగారు ఉంగరం తెచ్చాడు. బారసాలలో తండ్రి ఉంగరంతో బియ్యంలో పేరు రాస్తాడని లచ్చన్న చెప్పాడట. దీంతో రాయమన్నాడు. మా ఇంటిపేరు కూడా అడిగాడు. మాది పిల్లి. బహ్రెయిన్ వచ్చిన దగ్గర్నుంచీ దాన్ని 'పి.' చేసేసి, ఎవరైనా అడిగితే దగ్గు తెచ్చుకుంటున్నాను. ఈయన దగ్గర దగ్గు రాలేదు, అర్థంతో సహా చెప్పేశాను.

"దాచడమెందుకు? మీది పిల్లి, మాది కాకి. మీకు ఆ పేరు ఇవ్వడానికి కొడుకున్నాడు" అన్నాడు.

ఆయన వెళ్ళాక అడిగాను. "ఏం మాటిచ్చావో తెలుసా?"

"ఫ్యాను బాగుచేశారు కదా అని పేరు చెప్పుకుంటామన్నానండీ. ఇంటిపేరు తీసుకుంటామన్నానా?"

"కీప్ అంటే ఉంచుకోవడమే."

"మీరు మీనా సల్మాన్ రేవులో స్టోర్ కీపరే కదా. స్టోరు మీదైపోయిందా?"

మా ఆవిడ ఇంగ్లీషులో వెనకబడిందేమో గానీ వాదనలో కాదు.

"వెళ్ళి చెప్పేయనా, పొరపాటైందని?"

"చెప్పండి. నేను మాత్రం ఆయన మొహం చూడలేను."

నేనూ చూడలేకపోయాను.

ఇవాళ బారసాల. పళ్ళెంలో బియ్యం పోశారు. హోల్డర్‌బెర్గ్ గారు ఈ ఎండలో నల్లకోటు వేసుకుని, తాను బాగుచేసిన ఫ్యాను కిందే కూర్చున్నాడు. టీపాయ్ మీద ఫోను స్పీకర్‌లో పెట్టి ఉంది, ముమ్మిడివరం నుంచి మా అమ్మ నరసాయమ్మ వింటోంది.

"ఒరే రాంప్రసాదూ, మీ నాన్న పేరే రాత్తన్నావు కదా? పేరయ్యని?"

"రెండు రాయుండ్రి సార్. బియ్యం బగ్గున్నయి" అన్నాడు లచ్చన్న.

ఉంగరం నాకు వదులు. జారకుండా వేలు వంచి, బియ్యం మీద పెట్టుకుని కూర్చున్నాను. ఓట్టో అని రాస్తే ఊళ్ళో ఆటో అంటారు. హోల్డర్‌బెర్గ్ అని రాస్తే పళ్ళెం చాలదు, మా అమ్మ ఊరుకోదు. పేరయ్య అని రాస్తే ఈయన నవ్వి, చప్పట్లు కొట్టి, లడ్డూ తిని కిందికి వెళ్ళిపోతాడు. మర్యాదస్తుడు, ఏమీ అనడు. నా భయమంతా అదే.

అయ్యా, అమ్మా, మీలో పిల్లలకు పేర్లు పెట్టినవాళ్ళుంటారు. ఏం రాయమంటారు? కాస్త త్వరగా చెప్పండి, ఆయన ముందుకు వంగి చూస్తున్నాడు.