చెంచురామయ్య గట్టు మీద గొల్లభామలు

పర్చూరు దగ్గర చెంచురామయ్య పత్తి చేను చుట్టూ ఉన్న గట్టు ఆయనదే, దాని మీది గడ్డి మాత్రం అంకమ్మది. కాగితం మీద కాదులెండి. పదేళ్ళుగా ఆమె గేదె ఆ గడ్డే తింటోంది, ఆ గేదె పాలతోనే ఆమె ఇల్లు గడుస్తోంది. అలాంటిది తొంభై ఎనిమిదిలో, ఇంకా విత్తనం పెట్టకముందే, పత్తి పూతకి రాగానే గట్టుకి మందు కొట్టిస్తానని ఆయన ప్రకటించాడు. కిందటేడు పచ్చపురుగు చేనంతా ఊడ్చేసిన దగ్గర్నుంచి ఆయనకి పురుగన్నది కనబడితే చాలు, ఒళ్ళు మండుతోంది. గట్టు నిండా గోధుమరంగు మిడతలు. అవి పత్తాకు ముట్టగా తానెన్నడూ చూడలేదని, మందు పడితే ఆ గడ్డి గేదెకి పనికిరాదని అంకమ్మ ఎంత చెప్పినా వినలేదు.

చిత్రమేమిటంటే, ఈ పెద్దమనిషి గొల్లభామల్ని మాత్రం చంపడు. పచ్చగా, పొడుగ్గా, కోసు మొహంతో, తల మీద రెండు చిన్న కత్తుల్లాంటి మీసాలతో ఉంటుందే, అది. వాటి జోలికి పోవద్దని వాళ్ళమ్మ పోయేముందు మాట తీసుకుందట. అందుకని మిరప చేనుకి మందు కొట్టినప్పుడల్లా ముందుగా గుడ్డసంచి పట్టుకుని, నడుం వంచి, పచ్చవాటిని ఒక్కొక్కటే ఏరి కాలవ అవతల వదిలి వచ్చేవాడు. ఆ తర్వాతే మిడతల పని పట్టేవాడు.

ఆ రెండూ ఒకటేనని అంకమ్మ అనుమానం. అదే మొహం, అవే మీసాలు, రంగొక్కటే తేడా. ఆ మాటంటే ఆయన పగలబడి నవ్వాడు.

"గొల్లభామ కడుపున మిడత పుడితే చూపించు. ఈ గట్టు జోలికి రాను."

అంకమ్మకి అదే చాలు. తొలివాన పడిన మర్నాడు ఒక పచ్చ గొల్లభామ తోక మట్టిలో దించి గుడ్లు పెడుతూ దొరికింది. అది లేచి వెళ్ళేదాకా ఊపిరి బిగబట్టి కూర్చుంది. తర్వాత ఆ మట్టిని పెళ్ళగా ఎత్తి ఇంటికి తెచ్చి, మూకుట్లో పెట్టి, పైన పాత లాంతరు గ్లాసు నిలబెట్టి, మూతికి పలచటి గుడ్డ కట్టింది.

నాలుగో వారం గ్లాసులో గోరంత పిల్లలు గెంతాయి. అచ్చం తల్లి పోలికే, రెక్కలొక్కటే లేవు. ఆ సంబరం పట్టలేక గేదెకి కూడా చెప్పింది. గరిక తిని, ఇరుకైన చర్మం విడిచి, మళ్ళీ తిని, మళ్ళీ విడిచి అవి వేలంత అయ్యాయి. ఒక్కటే చిక్కు. అన్నీ పచ్చవే.

పత్తి మొగ్గ తొడిగింది. అంకమ్మకి అన్నం సయించలేదు. ఒకరోజు గడ్డి కోస్తూ కోస్తూ చటుక్కున ఆగింది. లేత గరికలో పచ్చవి, ఎండిన గడ్డిలో గోధుమవి! తానేమో రోజూ లేతదే వేస్తోంది. పరుగున ఇంటికెళ్ళి సగం పిల్లల్ని ఇంకో గ్లాసులోకి మార్చి, ఎండు గడ్డి పరిచి, తినడానికి మాత్రం నాలుగు గరిక పోచలు వేసింది.

గురువారం మందు అని కబురొచ్చింది. ఆ గురువారం పొద్దున్నే రెండో గ్లాసులో ఒక పిల్ల చర్మం విడవడానికి తలకిందులుగా వేలాడింది. అంకమ్మ మూకుడుతో సహా గ్లాసు గుండెలకి హత్తుకుని చేనుకి పరిగెత్తింది. చెంచురామయ్య మందు డబ్బా మూత తీస్తున్నాడు.

"అయ్యా, ఒక్క గడియ ఆగండి. ఇది చూసినాక మీ ఇష్టం."

పచ్చపిల్ల వీపు చీలింది. లోపలినుంచి పాలిపోయిన మెత్తటి ప్రాణి మెల్లగా జారి వచ్చింది. నలిగిన రెక్కలు చూస్తుండగానే పొడుగ్గా సాగాయి. ఆయన గట్టు మీద చతికిలబడ్డాడు. మందు సంగతే మరిచిపోయాడు. పొద్దు నెత్తికెక్కేసరికి ఆ పాలిపోయిన ఒంటికి రంగు తిరిగింది. గోధుమరంగు.

అంకమ్మకి ఎగిరి గంతేయాలనిపించింది. కానీ ఆయన మొహం చూసి ఆగిపోయింది.

"అయితే ఇన్నేళ్ళూ నేను చంపినయ్యన్నీ గొల్లభామలేనా?" అన్నాడు ఆయన.

అంకమ్మ గ్లాసు మూతికి కట్టిన గుడ్డ విప్పింది. ఆ కొత్త రెక్కలది కాసేపు గడ్డిపోచని పట్టుకుని ఊగి, ఎండు గడ్డిలోకి గెంతి కనబడకుండా పోయింది.

చెంచురామయ్య మందు డబ్బాకి మూత బిగించాడు. గడ్డి కోసుకోమన్నట్టు ఆమెకి చెయ్యి ఊపాడు. తర్వాత గట్టు మీద అడుగు పెట్టబోయి, ఎండు గడ్డిని చూసి ఆగి, చెప్పులు చేతిలోకి తీసుకుని పక్కనున్న బురద కాలవలోకి దిగి ఇంటికి నడిచాడు.