కట్ చెప్పని దర్శకుడు

షూటింగ్ మొదలయ్యే ముందు ఆమె, ఇస్త్రీ చేసే ముసలాయన చొక్కా రెండో గుండీ విప్పి, చిన్న మైకును లోపలివైపు టేపుతో అంటించింది. గుడ్డ రాసుకోకుండా వేలితో సరిచేసింది.

"గురక పెట్టినా పట్టేస్తుందా తల్లీ ఇది?"

"గొణిగినా పట్టేస్తుంది బాబాయ్. పిన్నిని తిట్టుకోకండి."

"ఆ ధైర్యమే ఉంటే హీరోనయ్యేవాణ్ణి కదా!"

ఇరవై రెండేళ్లుగా ఆమె చేస్తున్న పని ఇదే. సినిమా యూనిట్‌లో అందరికీ సౌండక్క. ఇంట్లో కూడా మాట్లాడటం తక్కువ, వినడం ఎక్కువ. పెళ్లి మాట ఎత్తీ ఎత్తీ తల్లి కూడా ఊరుకుంది.

దర్శకుడి పద్ధతిని పత్రికలు మెచ్చుకునేవి. నటులు ఉండరు, సంగీతం ఉండదు. పని చేసుకునేవాళ్ల ముందు కెమెరా పెట్టి పదకొండు నిమిషాల దాకా కట్ చెప్పడు. ఏం జరిగినా ఎవరూ కదలకూడదు. పోయిన సినిమాలో ఆమె ఒకసారి తుమ్మింది. "నా ఏడాది కష్టం నీ ముక్కులో పోయింది" అన్నాడు. అందరూ నవ్వారు. ఆమె కూడా నవ్వింది.

షాట్ మొదలైంది. రేకుల గది, మిట్టమధ్యాహ్నం, బొగ్గుల ఇస్త్రీ పెట్టె, రెండు పెద్ద లైట్లు. చప్పుడు వస్తుందని ఫ్యాను ఆపించింది ఆమే.

నాలుగో నిమిషంలో ఆయన ఊపిరి మారింది. కెమెరాకు తెలియదు, ఇస్త్రీ చేసే చేయి ఆడుతూనే ఉంది. హెడ్‌ఫోన్లలో ఆమెకు మాత్రమే వినిపించింది.

"నీళ్లు."

ఆమె చేయెత్తింది. దర్శకుడు చూడలేదు. లేవబోతే, పక్కనే ఉన్న అతను ఇటు తిరక్కుండానే ఆమె భుజం మీద అరచెయ్యి వేసి నొక్కాడు. ఆమె కూర్చుంది.

ఆరో నిమిషంలో మళ్లీ వినిపించింది. ఈసారి పెదవులు కూడా కదల్లేదు.

"తల్లీ, నీళ్లు."

హెడ్‌ఫోన్లు లాగేసి పరుగెత్తింది. అప్పటికే ఆయన బల్ల కాలికి ఆనుకుని నేల మీద కూర్చున్నాడు. పోసిన నీళ్లు పెదవి చివర నుంచి మెడ మీదికి జారాయి. వెనక కెమెరా ఇంకా తిరుగుతూనే ఉంది.

ఆసుపత్రి బండి వచ్చేసరికి చెయ్యడానికి ఏమీ మిగల్లేదు. బండి వెళ్లిపోయాక దర్శకుడు రికార్డయినదంతా హెడ్‌ఫోన్లలో విని, కళ్లు తుడుచుకుంటూ దగ్గరికొచ్చాడు.

"ఆ గొంతు చెరపొద్దు. అలాగే ఉండనీ. మన సినిమాలో అబద్ధం లేని చోటు అదొక్కటే."

"ఆయన మీ సినిమాతో మాట్లాడలేదు సార్. నాతో మాట్లాడారు." ఆమె గొంతు తగ్గించలేదు. "నన్ను నీళ్లడిగారు. మీరు నొక్కితే నేను కూర్చున్నాను."

"ఇప్పుడు ఆవేశపడకు..."

"ఇప్పుడు కాదు. అప్పుడే పడాల్సింది."

రికార్డరులోంచి మెమరీ కార్డు తీసి గుప్పెట్లో పెట్టుకుంది.

"ఎక్కడికి?"

"వాళ్లావిడ దగ్గరికి. ఎండకి పోయాడని మీరు చెప్పకముందే వెళ్లాలి."

గదిలో ఎవరూ ఆమెను ఆపలేదు. బల్ల మీద ఎవరిదో తెల్ల చొక్కా పరిచి ఉంది. ఒక చెయ్యి నున్నగా, రెండోది ముడతలతో. ఇస్త్రీ పెట్టె గుడ్డకు జానెడు దూరంలో, ఇనుప దిమ్మ మీద జాగ్రత్తగా పెట్టి ఉంది. చొక్కా ఎక్కడా మాడలేదు.