ఆరోన్ నీడకి నోటీసు

పొద్దున ఎనిమిదింటికి హెప్సిబా ఇబ్రహీంపట్నంలో తన కుట్టు కొట్టు తలుపు తీస్తుంది. మిషను మీద పేరుకున్న థర్మల్ కేంద్రం బూడిద తుడుస్తుంది, బాబిన్ నింపుకుంటుంది, జాకెట్టు ముక్కలు ముందేసుకుంటుంది. ఎండ లోపలికి రాగానే గోడ మీద రెండు నీడలు పడతాయి. ఒకటి ఆమెది. రెండోది, ఇరవై ఏడేళ్ల కిందట ఆమెని వదిలేసి వెళ్లిన ఆరోన్‌ది. మనిషి ఎక్కడున్నాడో ఎవరికీ తెలీదు. నీడ మాత్రం ఆమె పక్కనే ఉంటుంది.

కొలతలివ్వడానికి వచ్చిన ఆడవాళ్లు "అన్నయ్యగారూ, కాస్త జరగండి" అంటారు. జరుగుతుంది. ఈమధ్య దానికి నడుం వంగింది, నడినెత్తిన జుట్టు పలచబడింది.

విడాకుల కేసు వేసింది ఆరోనే. జిల్లా కోర్టు డిక్రీ ఇచ్చింది. ఆ రోజుల్లో క్రైస్తవులకి అదొక్కటే చాలదు, హైకోర్టు కూడా ఖాయం చేయాలి. కేసు వేసినవాడే వెళ్లి అడగాలని సంఘపెద్దలు చెప్పారు. అతను అడగలేదు. ఆమె ఎదురుచూస్తూ కూర్చుంది.

ఇప్పుడు ఫిలిప్ ఆమెని చేసుకుంటానన్నాడు. ఆటో నడుపుతాడు, భార్య పోయి ఆరేళ్లయింది. పెళ్లి ప్రకటన చదవమని ఇద్దరూ గుడికెళితే పాస్టరుగారు నేలకేసి చూశారు.

"మీరు ముగ్గురొచ్చారు కదమ్మా. ఆ హైకోర్టు కాయితం సంగతి తేలందే నేనెలా చదవను?"

విజయవాడలో వకీలు క్రిస్టినా పాత డిక్రీని అటూ ఇటూ తిప్పి చూసింది.

"ఇన్నేళ్లూ ఎందుకు ఊరుకున్నారండీ?"

"వేసినాయనే అడగాలన్నారమ్మా."

"ఇందులో పేర్లు రెండున్నాయి. ఇద్దర్లో ఎవరైనా అడగొచ్చు. మీరూ అడగొచ్చు."

హెప్సిబా డిక్రీలో తన పేరు వెతుక్కుని దాని మీద వేలు పెట్టింది. క్రిస్టినా మంచినీళ్లిచ్చి, "ఆయనకి నోటీసు అందాలి. అడ్రసుందా?" అంది.

"మనిషిది లేదు. నీడైతే నాతోపాటు కొట్లో ఉంటుంది."

"అయితే కొట్టు అడ్రసే రాద్దాం."

నోటీసు పట్టుకుని కోర్టు మనిషి రామకోటేశ్వరరావు వచ్చాడు. కళ్లజోడు సర్దుకుని కాయితం గోడకి ఆనించాడు. "ఆరోన్‌గారూ, ఇక్కడ సంతకం పెట్టాలండీ."

నీడ కదల్లేదు. హెప్సిబా మిషను ఆపింది.

"నేనూ అడగొచ్చని నాకు తెలీదయ్యా," అంది గోడతో. "తెలిసినా అడిగేదాన్ని కాదేమో. నువ్విక్కడుంటే నన్నెవరూ ఒంటరిదనలేదు. నిన్ను కట్టేసినవాళ్లలో నేనూ ఉన్నాను. నువ్వెక్కడున్నావో, అక్కడ నీ పక్కన నా నీడా ఇలాగే పడుంటుందేమో."

నీడ చెయ్యి మెల్లగా కాయితం మీదికొచ్చింది. అది వెనక్కి తీసుకున్నాక చూస్తే ఆరోన్ సంతకం, దాని కింద ఒక ముక్క: నాకు అభ్యంతరం లేదు.

"స్వయంగా పుచ్చుకున్నారు," అని పైకి చదువుకుంటూ రాసుకున్నాడు రామకోటేశ్వరరావు.

హైకోర్టు ఖాయం చేసిందని క్రిస్టినా ఫోన్ చేసిన రోజు, మిట్టమధ్యాహ్నం దాటాక, హెప్సిబా బయటికొచ్చి ఎండలో నిలబడింది. నేల మీద తన నీడొక్కటే. అది ఇంత సన్నగా ఉంటుందని ఆమెకి తెలీదు. పాస్టరుగారి దగ్గరికి తీసుకెళ్దామని ఫిలిప్ ఆటో ఆపి, "ఎక్కు" అన్నాడు.

"కాసేపాగు," అంది. "ఇలా నిలబడనీ."