సీసాలమ్మ సంతకం

కోర్టు వరండాలో బెంచీ ఖాళీగానే ఉంది. అయినా సీసాలమ్మ కూర్చోలేదు. కాలు కాలిన పిల్లిలా ఈ చివర నుంచి ఆ చివరికి తిరుగుతూనే ఉంది. పిలుపు ఎప్పుడొస్తుందో తెలీదు. వచ్చాక ఏం చెప్పాలో అంతకన్నా తెలీదు.

నీళ్ల శాఖ పరీక్షగదిలో ఆమె ఇరవై ఏళ్లుగా హెల్పరు. కాగితం మీద ఆమె పని సీసాలు కడగడం, గది తుడవడం. అందుకే ఆ పేరు. కానీ ఊరికి వదిలే నీళ్లలో మందు సరిగా పడిందో లేదో గంటగంటకూ గాజు గొట్టంలో పట్టి, రంగుల అట్టతో పోల్చి, పుస్తకంలో ఎక్కించేదీ ఆమే. అది టెస్టరు పని. చేసేది టెస్టరు పనైతే హెల్పరు గ్రేడేమిటని ఆరేళ్ల కిందట కేసు వేసింది. ప్రభుత్వం వారి జవాబు ఒక్కటే. పుస్తకం తెరిచి చూడండి, ప్రతి వరసకీ టెస్టరు సంతకమే ఉంది.

ఉండక ఏం చేస్తుంది? హెల్పరు సంతకం చెల్లదని రూలు పెట్టిందే వాళ్లు. ఇక ఆ టెస్టరుని ఆమె బాబాయి అని పిలుస్తుంది. ఆయన కంటికి లేత పసుపూ ముదురు పసుపూ ఒకటే. ఆ సంగతి పైవాళ్లకి తెలిస్తే ఉద్యోగం ఊడేది. "అమ్మాయ్, నువ్వు చూసి రాసేయ్. నా సంతకం కూడా నువ్వే గిలికేయ్" అన్నాడు. పని నేర్పిన మనిషి, కాదనలేకపోయింది. రోజుకి ఎనిమిదిసార్లు గిలికింది. కేసులో మాత్రం "నేను పరీక్ష చేస్తాను, ఆయన సంతకం పెడతాడు" అనే రాయించింది.

అసలు మతిమాలిన పని ఇంకోటుంది. బాబాయి మోకాలి ఆపరేషనుకని నెలరోజులు ఆస్పత్రిలో ఉంటే, అప్పుడూ అలవాటుకొద్దీ ఆయన సంతకమే పెట్టేసింది. నిన్న ఆ నెల పేజీలు ఆమె లాయరు కంటపడ్డాయి. ఆయనకి పట్టరాని సంతోషం. "మంచంలో ఉన్నవాడు పుస్తకంలో ఎలా పెడతాడమ్మా? ఇవి నేనే పెట్టానని ఒక్క మాట అను. మనమే గెలుస్తాం."

గెలుపు సరే. బాబాయి రిటైర్మెంటు నాలుగు నెలల్లో ఉంది. ఆ ఒక్క మాటతో ఆయన పెన్షను హుళక్కి. నోరు మూసుకుంటే తను సీసాలమ్మగానే ఇంటికి పోవాలి. ఆ పేరంటే ఆమెకి ఒళ్లు మంట.

"కూర్చో అమ్మాయ్. నిన్ను చూస్తుంటే కళ్లు తిరుగుతున్నాయి." బెంచీ చివర బాబాయి. ఆయన్ని ప్రభుత్వం వారు సాక్ష్యానికి పిలిపించారు.

"నీ కళ్ల మాట ఎత్తకు బాబాయ్. ఇదంతా వాటివల్లే."

"నిజం చెప్పేయ్. నా సంగతి నేను చూసుకుంటాను."

"ఏం చూసుకుంటావ్? పిన్ని మందులకే సగం జీతం చాలట్లేదు. ఊరుకో."

అంతలో పిలుపొచ్చింది. బాబాయి వెనక వరసలో కూర్చున్నాడు. ఆమె లాయరు ఆ నెల పేజీ తెరిచి అడిగాడు. "ఈ సంతకాలు ఎవరు పెట్టారు?"

ఆమె వెనక వరస వైపు చూసింది. "ఆయనే."

లాయరు మొహంలో నెత్తురుచుక్క లేదు. "ఆస్పత్రిలో ఉండగానా?"

"పుస్తకం నేనే పట్టుకెళ్లాను. మంచంమీదే పెట్టాడు."

అబద్ధమైనా అతికినట్టుండాలంటారు. ఇది బ్రహ్మాండంగా అతికింది. ప్రభుత్వ లాయరు చిరునవ్వుతో ప్రశ్నలేమీ లేవన్నాడు. ఆరేళ్ల కేసు రెండు మాటల్లో మట్టికొట్టుకుపోయింది. ఆమెకి ఏడుపొచ్చింది, దిగమింగుకుంది.

గుమాస్తా ఆమె చెప్పిందంతా టైపు చేసిన కాగితం ముందుకు తోశాడు. "కింద సంతకం పెట్టమ్మా." అక్షరాలు అలుక్కుపోయి కనిపిస్తున్నాయి. పెన్ను తీసుకుని గీసి ఇచ్చేసింది.

జడ్జిగారు ఆ కాగితం చూశారు. పుస్తకం దగ్గరికి లాక్కుని చూశారు. మళ్లీ కాగితం చూశారు.

"అమ్మా, ఇది ఎవరి సంతకం?"

అప్పుడు చూసింది ఆమె. పొడుగాటి తోక, కింద రెండు చుక్కలు. బాబాయి సంతకం! ఒక్క గీత తేడా లేదు. కాగితం లాక్కోబోతే గుమాస్తా చెయ్యి అడ్డం పెట్టాడు.

వెనకాల కుర్చీ కిర్రుమంది. బాబాయి మోకాలు పట్టుకుని లేస్తున్నాడు.

"ఆ సంతకం నాదేనండి. పెట్టింది మాత్రం అమ్మాయి. పుస్తకాల్లోవి కూడా తనే పెట్టింది, నేను పెట్టమంటేనే. నాకు రంగులు కనపడవు. రాసుకోండి."

"కూర్చో బాబాయ్!" కోర్టన్న సంగతి కూడా మరిచి ఆమె గొంతు చించుకుని అరిచింది. "నీకు పుణ్యముంటుంది, కూర్చో!"

ఆయన కూర్చోలేదు. గుమాస్తా కొత్త కాగితం తీశాడు.