మాన్‌సింగ్ చూడని సినిమా

మిర్చి బస్తాలు మార్కెట్లో దించేసరికి మధ్యాహ్నమైంది. మహబూబాబాద్ దాకా పోతున్నారు కదా, పిల్లకు ఒక సినిమా చూపించమని నీలి పొద్దున్నే చెప్పి పంపింది. అందుకే మాన్‌సింగ్ అనితను మ్యాట్నీకి తీసుకుపోయాడు.

నీలి అనిత తల్లి. ఆమె మాన్‌సింగ్‌ను మారుమనువాడి మూడేళ్లయింది. పద్నాలుగేళ్ల అనిత ఇప్పటిదాకా ఆయన్ను ఏ వరసతోనూ పిలవలేదు. పని పడితే వెళ్లి ఎదురుగా నిలబడేది.

హాల్లో చల్లగా ఉంది. ఆయన చొక్కాకు పట్టిన మిర్చి ఘాటుకు ముందు వరుసలో ఎవరో తుమ్మారు. పేర్లు పడుతుండగానే ఆయనకు నిద్ర పట్టేసింది. తెర వెలుగు ఆయన ముఖం మీద నీలంగా, పచ్చగా మారుతూ పోయింది. నీళ్ల అడుగున పడుకున్న మనిషిలా కనిపించాడు.

సినిమా కూడా సవతి తండ్రి కథే. పిల్లకు ఆయనంటే గిట్టదు. ఒక పాటలోనే ఆయన జడ వేస్తాడు, సైకిల్ నేర్పుతాడు. చివరికి లారీకి అడ్డంపడి ఆమెను కాపాడతాడు. నెత్తుటి తలను ఒళ్లో పెట్టుకుని అప్పుడంటుంది ఆ పిల్ల, నాన్నా అని. అనితకూ కన్నీళ్లొచ్చాయి. కానీ పక్కనున్న మనిషిని చూస్తే, ఆ ఒక్క పిలుపు కోసం లారీ కింద పడాలా అని కోపం కూడా వచ్చింది.

బండి మీద తండాకు వస్తుంటే ఎండ మెత్తబడింది. కళ్లాల్లో ఆరబోసిన మిరపకాయలు ఎర్రని మడుగుల్లా మెరుస్తున్నాయి.

"కన్ను అంటుకున్నది. ఏమైంది సినిమాల?" అని మాన్‌సింగ్ అడిగాడు. ఇంట్లో మాట్లాడేది లంబాడీ అయినా, తెలుగు సినిమా కాబట్టి తెలుగులోనే అడిగాడు.

అనిత చెప్పిన సినిమాలో లారీ లేదు. ఒకాయన ఒక తండాకు వస్తాడు. ఎక్కువ మాట్లాడడు. చేనుకు నీళ్లు పెడతాడు. పిల్లను బస్సెక్కించి, బస్సు మలుపు తిరిగేదాకా అక్కడే నిలబడతాడు. వానొస్తే పుస్తకాలు తన చొక్కాలో దాస్తాడు. చెబుతున్నకొద్దీ కథ సాగింది, దారి కూడా సాగినట్టనిపించింది. తర్వాత ఏమొస్తుందో ఆమెకే తెలియదు.

"మరి ఆ పిల్ల ఆయనను ఏమంటది?"

అనిత కళ్లాల వైపు చూస్తూ చెప్పింది. "ఏమనది. సినిమా మొత్తం ఏమనీ పిలువది. అయినా ఆయన పలుకుతడు."

బండి కొంత దూరం పోయింది.

"పలుకుతడు. ఎందుకు పలకడు," అన్నాడు మాన్‌సింగ్.

ఇంటికొచ్చాక రొట్టెలు చేస్తున్న నీలి, సినిమా ఎట్లుందని అడిగింది. ఆయన కాళ్లు కడుక్కుని కూర్చుని, తనే చూసినట్టు అంతా చెప్పాడు. అనిత చెప్పని ముచ్చట కూడా ఒకటి చెప్పాడు. పిల్లకు డెంగీ వస్తుందట. ఆడవాళ్ల వార్డులోకి ఆయన్ను రానివ్వరట. దవాఖాన గోడ పక్కన రెండు రోజులు కూర్చుంటాడట. ఆ సంగతి పిల్లకు తెలియదట.

నీలి రొట్టె తిప్పడం ఆపి కూతురి వైపు చూసింది. నిరుడు వానాకాలం అనిత ఆ వార్డులోనే ఉంది. తల్లి ఒక్కతే వచ్చిందనీ, ఆయన చేను దగ్గరే ఆగిపోయాడనీ ఇన్నాళ్లూ అనుకుంది.

అది సినిమాలో లేదని అనిత అనలేదు. వచ్చి ఆయన పక్కన కూర్చుంది.

"తర్వాత?" అని అడిగింది.