సంచుల మీది ఎర్రదారం

ఈ యుద్ధంలో మమ్మల్ని పోలండ్ నుంచి జర్మనీకి పట్టుకొచ్చి ఫిరంగిమందు సంచులు కుట్టిస్తున్నారు. నా కూతురు టెక్లాకి మూడు వారాలు. పుట్టిన తొమ్మిదో రోజునే పిల్లల కొట్టంలో పడేశారు. పని దిగాక తల్లులకు అరగంట వదులుతారు, పాలివ్వడానికి. మిగతా పొద్దంతా నర్సులు పట్టేది విరిగిన పాలే. వారానికి ఇద్దరో ముగ్గురో పిల్లలు పోతున్నారు.

మా ఊళ్లో పసిబిడ్డ మణికట్టుకి ఎర్రదారం కట్టకుండా గడప దాటించరు, దిష్టి తగులుతుందని. అందుకే సంచుల మూతికి కట్టే ఎర్రదారం జానెడు తెంపి జాకెట్టులో దోపుకున్నాను. పక్కన కుట్టే గెనోవెఫా చూసింది. పదిహేను రోజుల కిందట ఆమె కొడుకు ఆ కొట్టంలోనే పోయాడు.

"కట్టు, కట్టు. నేను కట్టలేదనే నా కొడుకు చచ్చాడు కాబోలు."

ఆ సాయంత్రమే, తక్కిన తల్లులు చూస్తుండగా, టెక్లా మణికట్టుకి కట్టాను. మర్నాడు సాయంత్రం పెద్ద నర్సు ఆ దారం ఊడబీకి పట్టుకుని కొట్టం గుమ్మానికి అడ్డంగా నిలబడింది. ఏ బిడ్డ ఎవరిదో ఆమెకు పట్టదు, మా మొహాలన్నీ ఆమెకు ఒకటే.

"ఇది సైన్యం సొత్తు. దొంగ ఎవతో తేలేదాకా ఒక్కత్తీ లోపలికి రాదు."

లోపల పిల్లలు గుక్కపట్టి ఏడుస్తున్నారు. మా రవికలు తడిసిపోతున్నాయి.

"ఒప్పుకోవే! నీ పిచ్చికి మా పిల్లల్ని చంపుతావా?" వెనక నుంచి ఎవరో నా జుట్టు పట్టి గుంజారు.

ఒప్పుకుంటే ఎనిమిది వారాలు శిక్షా శిబిరం. అన్నాళ్లు టెక్లాకి పాలెవరిస్తారు?

"నేనే," అన్నాను.

చెంపలు వాయించి, లారీ వచ్చేదాకా గేటు దగ్గర నిలబెట్టారు. గెనోవెఫా అటుగా వెళుతోంది.

"అక్కా, నీకింకా పాలు వస్తున్నాయి. పిండి పారబోస్తుంటే చూశాను. నా పాపకి పట్టు. నా బదులు నువ్వెళ్లినా నర్సు పోల్చుకోలేదులే."

"సిగ్గులేదూ అడగడానికి? నా కొడుకు పక్క చల్లారకుండానే నీ కూతుర్ని అందులో పడుకోబెట్టారు."

"తెలుసక్కా."

"ఏం తెలుసే నీకు? నాలుగు చెంపదెబ్బలు తినేసరికి పెద్ద తల్లివైపోయావా?"

కాళ్లు పట్టుకోబోయాను. వెనక్కి లాక్కుంది. లారీ వచ్చింది. కాపలావాడు నన్ను మెడబట్టి పైకి తోశాడు.

"ఒసే!" కింద నుంచి అరిచింది గెనోవెఫా. "ముందు ఏ వైపు తాగుతుందే, నీ కూతురు?"

"ఎడమ. ఎడమవైపక్కా."

ఆమె నా వంక చూడనైనా చూడలేదు. రవిక గుండీలు విప్పుకుంటూ కొట్టం వైపు నడిచింది.