ఎవరినీ చూపించకూడని అద్దం

నేను ఒక నిలువుటద్దాన్ని. పోలండ్‌లోని లోడ్జ్ ఊళ్ళో, టోపీల దుకాణంలో ముప్పై ఏళ్ళు పనిచేశాను. టోపీ మారినా మొహం మారదని ఎవరికీ చెప్పలేదు కాబట్టి అన్నేళ్ళూ ఉంచుకున్నారు. దుకాణం మూతపడ్డాక వార్సా టీవీ వాళ్ళు కొన్నారు. రక్తం తాగే దొరసాని కథ తీస్తున్నారట. ఆవిడ అద్దంలో కనిపించదు. అంటే, నాకు వచ్చిన ఒక్క పనీ చేయకుండా నిలబడడమే నా మొదటి వేషం. ఎవరూ అడగకపోయినా గర్వంగా ఒప్పుకున్నాను.

కెమెరామన్ నన్ను కాస్త పక్కకి తిప్పాడు. అతనికి నాలో ఖాళీ గోడే కనిపించింది. దొరసాని నిలబడే చోటు నుంచి చూస్తే ఏం కనిపిస్తుందో ఎవరికీ తట్టలేదు. అక్కడి నుంచి చూస్తే నాలో బోజెనా కనిపించేది. లైట్లు సరిచూసుకోవడానికి దొరసాని వేసుకునేలాంటి నల్లగౌనే తొడిగి పక్కన కూర్చోబెట్టిన చిన్న నటి.

దొరసాని వేషం హలీనాది. ఏడేళ్ళు ఖాళీగా ఉన్నాక వచ్చిన వేషం. నా ముందు నిలబడి చెప్పాల్సినవి మూడే వాక్యాలు. రెండుసార్లు తీస్తే, రెండుసార్లూ మూడోదాని దగ్గర ఆగిపోయింది.

డైరెక్టర్ రిషార్డ్ కళ్ళజోడు తుడుచుకుంటూ అన్నాడు: "హలీనా గారూ, ఇంకొక్కసారే చూద్దాం. అప్పటికీ కుదరకపోతే బోజెనా చేస్తుంది. గౌను ఎలాగూ తొడుక్కునే ఉంది."

మూడోసారి మొదలైంది. "నాకు ఊరు లేదు. నాకు వయసు లేదు." అంతే, మూడోది మళ్ళీ గుర్తు రాలేదు. దిక్కుతోచక నాలోకి చూసింది. బోజెనా పెదవులు కదులుతున్నాయి. హలీనా వాటిని చదువుకుంటూ, ఒక్కో మాటే పలికింది: "ఉన్నది ఆకలి ఒక్కటే."

స్టూడియోలో అందరికీ ఒళ్ళు జలదరించింది. మాటకీ మాటకీ మధ్య ఆ విరామం తానే నేర్పినట్టు రిషార్డ్ తలూపాడు.

హలీనా వెళ్ళి కృతజ్ఞత చెప్పబోయింది. బోజెనా గౌను హుక్కులు విప్పుకుంటూ తలెత్తలేదు.

"నాకు చెప్పకండి. మీరు చెప్పలేకపోతే వేషం నాకొస్తుందని బట్టీ పట్టాను. నోరు దానంతటదే కదిలింది."

"తెలుసమ్మా," అంది హలీనా. "నీ వయసులో నేనూ అలాగే పక్కన కూర్చుని బట్టీ పట్టేదాన్ని. నోరు మాత్రం కదలనిచ్చేదాన్ని కాదు."

బోజెనాకి నవ్వొచ్చింది. ఏడుపూ వచ్చింది.

ప్రసారమయ్యాక, అద్దంలో ఆ శూన్యం అద్భుతమని పత్రికలో రాశారట. తెర మీద వేసిన పేర్ల జాబితాలో బోజెనా లేదు, నేనూ లేను. ఆ పొగడ్త ఎవరికివ్వాలో తెలియక, గోడౌన్‌లో గోడవైపు తిరిగి, నేనే ఉంచుకున్నాను.